అవునో కాదో చెప్పండి

పోయిన వారం మనం నీలమ్మను హైకోర్టు గేటు దగ్గర, సంచులు తనిఖీ చేసే బల్ల ముందు వదిలాం. ఉప్పుగూడ నీలమ్మ. భర్త బసవయ్య పోయాక, ఆయన మిగిల్చి వెళ్ళిన మినీ బస్సుకు పర్మిట్ కావాలని దరఖాస్తు పెట్టి పద్నాలుగు నెలలైంది. ఉప్పుగూడ స్టేషన్ నుంచి సంతోష్‌నగర్ మీదుగా ఔటర్ రింగ్ రోడ్డు అవతలి మందుల ప్యాకింగ్ కంపెనీల దాకా నేరుగా పోయే బస్సు ఒక్కటీ లేదు. ఆ కంపెనీల్లో పనిచేసే బస్తీ ఆడవాళ్ళు ఒక్కో ఆటోలో పదిమంది చొప్పున కుక్కుకొని, బయటికి వేలాడుతూ పోతారు. కిందటి చలికాలంలో లలితమ్మ అలా వేలాడుతూనే జారిపడింది. తుంటి ఎముక విరిగి ఇప్పటికీ మంచం దిగలేదు. ఆ రోజు నుంచి ఆడవాళ్ళంతా నీలమ్మను అడిగేది ఒకటే మాట: "బస్సెప్పుడొస్తదక్కా?"

బస్సు ఉంది. నడపడానికి మనిషీ ఉంది. పక్కింటి సామ్యూల్ కూతురు సుజనకు హెవీ లైసెన్స్ వచ్చి రెండేళ్ళు. లేనిదల్లా ఒక్క కాగితం. ఆ కాగితం ఇవ్వాల్సిన ఆఫీసు ఇస్తామనలేదు, ఇవ్వమనీ అనలేదు. చివరికి పాతబస్తీలో గాజుల దుకాణం మేడ మీద కూర్చునే వకీలు వెంకటనారాయణ రిట్ వేశాడు. కేసు విచారణకు వచ్చే ముందురోజే పిడుగులాంటి సంగతి ఒకటి బయటపడింది. దరఖాస్తు తీసుకున్నట్టు ఆఫీసు యంత్రం ఇచ్చిన రసీదు మీద అక్షరాలన్నీ నెలల తరబడి వెలిసిపోయి, అది తెల్ల కాగితంగా మిగిలింది.

ఇప్పుడు లోపలికి పోదాం.

*

మూసీ ఒడ్డున ఆ గుమ్మటాలను నీలమ్మ చిన్నప్పటి నుంచీ చూస్తూనే ఉంది. అఫ్జల్‌గంజ్ వైపు బస్సులో పోయినప్పుడల్లా కిటికీలోంచి కనబడేవి. అవి తనలాంటి వాళ్ళు లోపలికి పోయే కట్టడాలన్న ఆలోచన ఏనాడూ రాలేదు. ఈరోజు ఆ కమానుల కింద నడుస్తుంటే తల దానంతటదే పైకి లేచింది. పైకప్పు ఎక్కడో ఉంది. తన చెప్పుల చప్పుడు ఆ ఎత్తుకు తగిలి తిరిగి వస్తున్నట్టు అనిపించి, ఆమె అడుగులు మెల్లగా వేయసాగింది.

"ఇంత ఎత్తు ఎందుకు కట్టిండ్రు సారూ?" అంది.

వెంకటనారాయణ నవ్వాడు. అరవై ఎనిమిదేళ్ళ మనిషి. కోటు మోచేతుల దగ్గర నలుపు వెలిసి బూడిదరంగుకు తిరిగింది. "దీంట్లకు ఎవరొచ్చినా చిన్నగ కనబడాలెనని, అమ్మా. నువ్వూ చిన్నగనే కనబడతవ్. నీ ఫైలు తొక్కిపెట్టిన ఆఫీసరొచ్చినా అంతే కనబడతడు."

వెనక సుజన, ఆమె వెనక సామ్యూల్ వస్తున్నారు. సామ్యూల్ రైల్వేలో పట్టాల మీద ముప్ఫై మూడేళ్ళు పనిచేసి రిటైరైన మనిషి. బసవయ్యకు ప్రాణ స్నేహితుడు. బస్సు ఇప్పుడు ఉన్నది ఆయన ఇంటి పక్క ఖాళీ జాగాలోనే. పొద్దున రమ్మంటే "నేనెందుకమ్మా" అని నసిగాడు. "నువ్వు లేకుంటే నాకు కాళ్ళు ఆడయన్నా" అని నీలమ్మ పట్టుబట్టి తీసుకొచ్చింది. తెల్లచొక్కా గుండీలు మెడదాకా పెట్టుకొని, ఎవరితోనూ మాట్లాడకుండా నడుస్తున్నాడు.

వరండాలో వేలాడదీసిన తెర మీద నంబర్లు మారుతున్నాయి. వెంకటనారాయణ తన చేతిలోని జాబితాలో ఒక వరస కింద వేలు పెట్టి చూపించాడు.

"ఇది మన కేసు. అరవై మూడో నంబరు. ఏం రాసి ఉందో సదువుతున్న విను. నీలమ్మ వర్సెస్ తెలంగాణ రాష్ట్రం."

"వర్సెస్ అంటే?"

"ఇటు నువ్వు, అటు సర్కారు. ఎదురెదురుగ."

నీలమ్మ ఆ కాగితం వంక చాలాసేపు చూసింది. "నా పేరు ముందుగాల ఉందా సారూ? సర్కారు పేరు ఎనుకనా?"

"అవునమ్మా. అడిగేటోళ్ళ పేరు ముందుంటది. జవాబు చెప్పేటోళ్ళ పేరు ఎనుకుంటది."

ఆమె సుజన చెయ్యి పట్టుకుంది. హాలు తలుపు దాకా ఆ పట్టు వదల్లేదు. అది భయమో మరొకటో ఆ పిల్లకు అర్థం కాలేదు.

*

కోర్టు హాలులో అంతా ఇంగ్లీషు. నల్లకోట్లు లేస్తున్నాయి, వంగుతున్నాయి, కూర్చుంటున్నాయి. ఒక్కో కేసు రెండు మూడు నిమిషాల్లో తేలిపోతోంది. ఎత్తు మీద కూర్చున్న జడ్జిగారు సన్నగా, గొంతు పెంచకుండా మాట్లాడుతున్నారు. అయినా ఆయన నోరు విప్పితే హాలు మొత్తం మూగబోతోంది. వెనక బెంచీలో నీలమ్మ, సుజన కూర్చున్నారు. సామ్యూల్ వాళ్ళ పక్కన జాగా ఉన్నా తలుపు దగ్గరే నిలబడ్డాడు.

పన్నెండు దాటాక అరవై మూడు పిలిచారు.

వెంకటనారాయణ లేచాడు. ఏం చెప్పాడో నీలమ్మకు తెలియదు గానీ, వారం కింద తన గదిలో కూర్చోబెట్టి చెప్పిన మాటలే అయి ఉంటాయనుకుంది. ఆరోజు ఆయన ఇలా అన్నాడు: "వాళ్ళు అవునంటే బండి తోలుకుంటవ్. కాదంటే పై ట్రిబ్యునల్‌కు అప్పీలు పోతవ్. రెండూ అనకుంటే ఎక్కడికి పోతవ్? యాడికీ పోలేవు. ఈ చుప్ కూసునుడు ఉన్నది చూడు, కాదనుడు కంటే ఖరాబు. గా నోరు తెరిపియ్యనీకే హైకోర్టు ఉన్నది. మాండమస్ అంటరు. 'నీ పని నువ్వు చెయ్యి' అని హుకుం."

ఆయన తర్వాత ప్రభుత్వ న్యాయవాది లేచాడు. నలభై ఏళ్ళుంటాయి. చేతిలో ఒకే ఒక్క కాగితం. అది చూసి నాలుగు ముక్కలు చదివి కూర్చున్నాడు. ఆ నాలుగు ముక్కలకే వెంకటనారాయణ మెడ వెనక నరం బిగుసుకోవడం నీలమ్మ చూసింది.

"ఏమన్నడు?" అంది నీలమ్మ, సుజన చెవిలో.

సుజన ఇంటర్ చదివింది.  "మన దరఖాస్తు వాళ్ళ ఆఫీసుల లేనే లేదట అత్తా. అసలు రాలేదట. మనం పెట్టిన రసీదు తెల్ల కాగితమట. మళ్ళీ కొత్తగ పెట్టుకుంటే అప్పుడు చూస్తరట."

కొత్తగా. అంటే పద్నాలుగు నెలలు లేనట్టే. లలితమ్మ పడ్డ రోజు లేనట్టే. ఎండలో, వానలో ఆ ఆఫీసు గేటు దగ్గర కూర్చున్న పూటలన్నీ లేనట్టే.  నీలమ్మ తనకు తెలియకుండానే బెంచీ పట్టుకొని లేచి నిలబడింది. పక్కన ఎవరో "కూర్చోండి, కూర్చోండి" అన్నారు. ఆమెకు వినబడలేదు.

జడ్జిగారి చూపు వెనక బెంచీ దాకా వచ్చింది. "ఆవిడెవరు?" అన్నారు తెలుగులో.

"పిటిషనర్ మై లార్డ్," అన్నాడు వెంకటనారాయణ.

"ముందుకు రమ్మనండి."

నల్లకోట్లు పక్కకు జరిగి దారి ఇచ్చాయి. ఆ దారి పది అడుగులకు మించదు. నీలమ్మకు మాత్రం అది మూసీ మీది వంతెన అంత పొడుగ్గా తోచింది. ముందుకు వచ్చి చేతులు జోడించి నిలబడింది.

"మీ దరఖాస్తు రాలేదంటున్నారమ్మా. మీరు నిజంగా ఇచ్చారా?"

"ఇచ్చిన సారూ. నా చేతులతోని ఇచ్చిన."

"ఆ ఆఫీసుకు ఎన్నిసార్లు పోయారు?"

"నలభై ఒక్కసారి."

హాలులో ఎవరో చిన్నగా నవ్వారు. జడ్జిగారు నవ్వలేదు. "నలభై కాదు, నలభై రెండు కాదు. నలభై ఒకటని అంత గట్టిగా ఎలా చెప్తున్నారు?"

"లెక్క నేను పెట్టలే సారూ. గేటు కాడ బుక్కు ఉంటది. లోపలికి పోవాలంటే దాంట్ల రాయాలె. పేరు, ఏం పని మీద వచ్చినమో గేటు కాడ అంజన్న రాస్తడు, కింద మనం ముద్ర పెట్టాలె. పోయిన నెల పోతే ఆయనే అన్నడు, 'అమ్మా, నలభై ఒక్కసారి అయ్యింది' అని."

జడ్జిగారు ఆ సంఖ్య ముందున్న కాగితం మీద రాసుకున్నారు. తర్వాత ప్రభుత్వ న్యాయవాది వైపు తిరిగారు. "మధ్యాహ్నం రెండుంపావుకు మళ్ళీ పిలుస్తాం. ఈ పద్నాలుగు నెలల గేటు రిజిస్టర్లు అన్నీ తెప్పించండి. రిజిస్టర్ రాసే మనిషిని కూడా రమ్మనండి. దరఖాస్తు లేదన్న అధికారి ఈలోపు బీరువాలన్నీ మరొక్కసారి చూసుకుంటే మంచిది."

అంతే. అరవై నాలుగు పిలిచారు.

*

బయట చెట్టు కింద వెంకటనారాయణ టిఫిన్ డబ్బా విప్పాడు. పులిహోర. నీలమ్మ ముద్ద చేతిలో పట్టుకొని తినడం మర్చిపోయింది.

"ఏమైతది సారూ?"

"నలభై ఏండ్ల సంది ఈ కోటు తొడుగుతున్న. గేటు బుక్కు సంగతి నాకు తట్టలే." ఆయన గొంతులో తన మీద తనకే కోపం ఉంది, అంతకంటే ఎక్కువగా ఇంకేదో ఉంది. "నేను రసీదు, రసీదు అని కూసున్న. నువ్వు చెప్పిందాక తెల్వదు, వాళ్ళ బుక్కే మన సాక్ష్యమని."

"ఆ అంజన్నకు ఏం కాదు గదా? పాపం, కాంట్రాక్టు మనిషి."

"హైకోర్టు పిలిస్తే వచ్చినోన్ని ఎవరేం జేస్తరు? ఫికర్ చెయ్యకు."

సామ్యూల్‌కు ఇచ్చిన విస్తరి అలాగే ఉంది. "తినన్నా," అంది నీలమ్మ. "కడుపుల బాగలేదు చెల్లె," అని ఆయన నీళ్ళ కుళాయి వైపు పోయాడు. పోయి చాలాసేపు మొహం కడుక్కున్నాడు.

*

రెండుంపావుకు హాలు మళ్ళీ నిండింది. పొద్దున తమ కేసులు అయిపోయిన వకీళ్ళు కూడా కొందరు వెళ్ళకుండా గోడలకు ఆనుకొని నిలబడ్డారు.

అంజన్న వచ్చాడు. నీలం యూనిఫాం, భుజం దగ్గర చిరుగు కుట్టి ఉంది. మూడు లావుపాటి రిజిస్టర్లు పసిపాపను ఎత్తుకున్నట్టు రెండు చేతులతో గుండెకు ఆనించి పట్టుకున్నాడు. ఆయన పక్కన ఒక గుమస్తా, గుమస్తా చేతిలో ఎర్ర దారం కట్టిన ఫైలు. ఆ ఫైలు చూడగానే వెంకటనారాయణ నీలమ్మ వైపు తిరిగి కనుబొమలు ఎగరేశాడు. పొద్దున లేనిది మధ్యాహ్నానికి దొరికింది.

రిజిస్టర్లు పైకి చేరాయి. జడ్జిగారు మొదటిది తెరిచి తారీఖు వెతికి, వేలు పెట్టి పైకే చదివారు. "నీలమ్మ, ఉప్పుగూడ. పని: బస్సు పర్మిట్ దరఖాస్తు ఇచ్చుటకు. వేలిముద్ర." పిటిషన్‌లో రాసిన తారీఖుతో సరిచూసుకున్నారు. అదే తారీఖు.

తర్వాత పేజీలు తిప్పసాగారు. ప్రతిచోటా ఆగి, మళ్ళీ తిప్పుతున్నారు. "పర్మిట్ గురించి. వేలిముద్ర. పర్మిట్ గురించి. వేలిముద్ర." రెండో రిజిస్టర్ తెరిచారు. నాలుగైదు పేజీల తర్వాత ఆయన చెయ్యి ఆగిపోయింది. పుస్తకాన్ని వెలుతురుకు దగ్గరగా జరుపుకున్నారు. ముందు పేజీకి పోయి, మళ్ళీ వెనక్కి వచ్చారు.

"అమ్మా," అన్నారు. "ఇక్కడి దాకా వేలిముద్రలున్నాయి. ఈ పేజీలో ముద్ర లేదు. 'నీ' అని ఒక్క అక్షరం ఉంది. ఇదేమిటి?"

నీలమ్మ తలదించుకుంది. బస్తీలో ఎవరికీ చెప్పని సంగతి అది. ఈ వయసులో ఇదేం సోకని నవ్వుతారని దాచుకుంది.

"నేనే రాసిన సారూ."

"ఎవరు నేర్పారు?"

ఆమె అంజన్న వైపు చూసింది. అంజన్న టోపీ చేతుల్లో నలుపుతూ ఒక అడుగు ముందుకు వేశాడు.

"నేనే సార్. ఆమె పొద్దున తొమ్మిదింటికి వస్తుండె. లోపల సారు లేడు, కూసో అంటుండ్రి. మూడు గొట్టేదాక బల్ల మీద కూసునేది. ఊకె కూసునుడు ఎందుకమ్మా అని, పాత పేపరు మీద ఒక అక్షరం రాసిచ్చిన. దిద్దుకుంట కూసున్నది. మల్లొచ్చినప్పుడు ఇంకో అక్షరం. గంతే సార్. తప్పైతే మాఫ్ చెయ్యాలె."

జడ్జిగారు మళ్ళీ రిజిస్టర్ మీదికి వంగారు. పేజీలు తిప్పుతున్నారు, ఈసారి చాలా నెమ్మదిగా. ముందున్న వకీళ్ళకు ఆ పేజీలు కనబడుతున్నాయి. వాళ్ళు ఒక్కొక్కరే మెడలు చాచారు. 'నీ' పక్కన వంకరగా ఒక 'ల'. తర్వాతి రాకకు 'ల' నిటారుగా నిలబడింది. ఆ తర్వాత 'మ'. దాని కింద వత్తు పెట్టబోయి కొట్టేసిన గుర్తు. మళ్ళీ పెట్టిన గుర్తు. ముప్ఫయ్యో సారికి గడి దాటి పక్క గడిలోకి పోయిన 'నీలమ్మ'. ముప్ఫై ఆరోసారికి గడిలోనే ఇమిడిన 'నీలమ్మ'. నలభై ఒకటో సారికి, కింద చిన్న గీతతో, తడబాటు లేకుండా, ఎవరైనా ఆఫీసరు పెట్టినట్టున్న సంతకం.

ప్రతి సంతకానికీ ఎదురుగా పని గడిలో అవే రెండు మాటలు. పర్మిట్ గురించి.

 టైపు చేసే అమ్మాయి వేళ్ళు మీటల మీద అలాగే ఆగిపోయాయి. వెంకటనారాయణ కళ్ళజోడు తీసి కోటు అంచుతో తుడిచి, తుడిచిందే మళ్ళీ తుడిచాడు. సుజన బెంచీ మీంచి ముందుకు వంగి చూసింది. రోజూ గోడ అవతల అంట్లు తోముతూ కనబడే అత్త ఈమేనా? ఇన్ని నెలలు ప్రతిసారీ ఖాళీ చేతులతో ఇంటికొచ్చి "ఇయ్యాల గూడ సారు లేడు" అని చెప్పిన మనిషి, ఖాళీ చేతులతో రాలేదన్నమాట!

జడ్జిగారు ప్రభుత్వ న్యాయవాదిని చూశారు. గొంతు అప్పుడూ పెరగలేదు.

"ఒక మనిషి మీ గేటు దగ్గర కూర్చొని అక్షరాలు దిద్దుకొని, సంతకం నేర్చుకునేంత కాలం పట్టింది. అవునో కాదో ఒక్క మాట రాయడానికి మీకు ఇంకెంత కాలం కావాలి?"

ప్రభుత్వ న్యాయవాది లేచాడు. చేతిలో పొద్దుటి కాగితం లేదు. ఎర్ర దారం ఫైలు ఉంది. ఒక్క క్షణం తటపటాయించి, ఆ తర్వాత నిటారుగా నిలబడ్డాడు.

"పొద్దున నాకు ఇచ్చిన సమాచారం తప్పు మై లార్డ్. దాన్ని నమ్మి చెప్పినందుకు చింతిస్తున్నాను. దరఖాస్తు ఫైలులోనే ఉంది. చెప్పిన తారీఖునే అందింది." పేజీ తిప్పాడు. "అందిన ఐదో వారంలో దీని మీద ఒక అభ్యంతరం వచ్చింది. రెండు పేజీలు. ఈ బస్సుకు పర్మిట్ ఇవ్వొద్దని. అప్పటి నుంచి ఫైలు కదల్లేదు."

"ఆ అభ్యంతరం నకలు ఈమెకు ఇచ్చారా?"

"ఇచ్చినట్టు ఫైలులో లేదు."

"ఈమెను పిలిచి అడిగారా?"

"లేదు."

అభ్యంతరం! నీలమ్మకు ఆ మాట అర్థం కావడానికి కాస్త సమయం పట్టింది. ఎవరో వద్దన్నారు. తనకు తెలియకుండా, తన బస్సు వద్దని ఎవరో రాసిచ్చారు.

జడ్జిగారు తీర్పు చెప్పడం మొదలుపెట్టారు. ఇంగ్లీషులో ఒక్కో వాక్యం చెప్పి ఆగుతుంటే మీటలు టకటకలాడుతున్నాయి. అంతా అయ్యాక, నీలమ్మ ఇంకా అక్కడే చేతులు జోడించి నిలబడి ఉండటం చూసి, ఆమె కోసం తెలుగులో మళ్ళీ చెప్పారు.

"పర్మిట్ ఇవ్వమని నేను చెప్పడం లేదమ్మా. అది నిర్ణయించాల్సింది వాళ్ళు. నాలుగు వారాల్లోగా నిర్ణయించి తీరాలని చెప్తున్నాను. అవునన్నా కాదన్నా కారణాలు రాసి ఇవ్వాలి. అంతకు ముందు మీ మాట వినాలి. మీ మీద వచ్చిన అభ్యంతరం నకలు ఈరోజే, ఇక్కడే మీ చేతికి ఇవ్వాలి." రిజిస్టర్లు మూసి పక్కన పెట్టారు. "ఈ రిజిస్టర్లు జాగ్రత్తగా పెట్టమని కూడా రాశాను."

నీలమ్మ వంగి దండం పెట్టింది. జడ్జిగారు చిన్నగా తల వంచారు. ఆమెకు కాదేమో, తర్వాతి ఫైలు కోసమేమో అనుకుంది నీలమ్మ. కాదు, ఆమెకేనని వెంకటనారాయణ తర్వాత వందమందికి చెప్పాడు.

*

వరండాలోకి వచ్చేసరికి ముక్కూమొహం తెలియని వకీళ్ళు దగ్గరికొచ్చి పలకరించారు. ఒక ముసలాయన "సలాం అమ్మా, కమాల్ చేసినవ్" అన్నాడు. నల్లకోటు వేసుకున్న ఒక ఆడపిల్ల ఏమీ అనకుండా నీలమ్మ చేతిని రెండు చేతుల్లోకి తీసుకొని వదిలి వెళ్ళిపోయింది. అంజన్న దూరం నుంచే నవ్వి, రిజిస్టర్లు మళ్ళీ గుండెకు హత్తుకొని గుమస్తా వెనకాల పోయాడు.

"పద్నాలుగు నెలలు సారూ," అంది నీలమ్మ. "ఎన్ని కాళ్ళు మొక్కిన! ఎవ్వళ్ళు కదల్లే. ఈయన ఒక్క మాట అడిగేసరికి రెండు గంటలల్ల బీరువాలకెళ్ళి ఫైలొచ్చింది. గట్లెట్లయితది?"

"ఈ కోటు తొడిగిన కాడికెళ్ళి నాకూ సమజైతలేదమ్మా," అన్నాడు వెంకటనారాయణ నిజాయితీగా. "ఎన్నిసార్లు చూసినా కొత్తగనే ఉంటది."

"ఇగ పర్మిట్ వస్తదా?"

"అది చెప్పలేను. వస్తే మంచిదే. కాదంటే కారణం రాయాలె. కారణం రాసిండ్రంటే మనకు కొట్లాడనీకి జాగా దొరుకుతది. ఇన్నొద్దులు గాలితోని కొట్లాడినం. ఇప్పుడు గోడ కనబడ్డది." గొంతు తగ్గించాడు. "అయితే ముందుగాల ఈ అభ్యంతరం సంగతి చూడాలె. ఎవరో ఆటోలోళ్ళు అయ్యుంటరు. వాళ్ళ గిరాకీ పోతదని."

ప్రభుత్వ న్యాయవాది సహాయకుడు వచ్చి రెండు జెరాక్స్ పేజీలు ఇచ్చి, అందినట్టు సంతకం చెయ్యమన్నాడు. నీలమ్మ సంతకం చేసింది. తెలుగులో చేత్తో రాసిన పేజీలు. సంతకం నేర్చుకున్నా ఇంకా చదవడం రాదు. సుజన చేతికిచ్చింది.

"సదువు బిడ్డా."

సుజన మొదటి వరస చదివింది. "అయ్యా, ఉప్పుగూడ నివాసి నీలమ్మ తన భర్త పేరు మీదనున్న మినీ బస్సుకు పర్మిట్ కోరుతూ..."

అక్కడ ఆగిపోయింది. పేజీని దగ్గరికి తెచ్చుకుంది. ఆ రాత ఆమెకు తెలుసు. బడికి సెలవు చీటీలన్నీ ఆ రాతలోనే పోయేవి. బైబిల్ మొదటి పేజీలో ఆమె పుట్టిన తారీఖు ఆ రాతలోనే ఉంది. సుజన తల తిప్పి వెనక్కి చూసింది.

స్తంభం పక్కన సామ్యూల్ నిలబడి ఉన్నాడు. పారిపోలేదు. కూతురు చూపు తన మీద పడగానే రెండు అడుగులు ముందుకు వచ్చాడు. 

"నేనే రాసిన చెల్లె," అన్నాడు.

నీలమ్మకు ఆ మాట చెవికెక్కలేదు. "ఏంది రాసినవన్నా?"

"బస్సు వద్దని రాసిచ్చింది నేనే. పైన ఆగిపోతది, ఎవరికీ తెల్వదనుకున్న. ఇయ్యాల నువ్వు ఆడ నిలబడితే, జడ్జిసారు ఆ బుక్కులు తెరుస్తుంటే... నేను మనిషినేనా అనిపించింది."

"నాన్నా!" సుజన అరిచింది. "నేను బండి తోలుడు ఇష్టం లేకుంటే నాకు చెప్పాలె గదా! ఆమె మీద..."

"నీ గురించి కాదు బిడ్డా."

వెంకటనారాయణ మధ్యలోకి వచ్చాడు. వకీలు బుర్ర పనిచేసింది. "సామ్యూల్ భాయ్, అయిందేదో అయింది. రేపే ఒక కాగితం రాసి ఇది వాపసు తీసుకో. గుస్సాల రాసిన, నిజం కాదని రాయి. లొల్లి ఖతం."

సామ్యూల్ నీలమ్మ కళ్ళలోకి చూశాడు. ఆ ముసలి కళ్ళు నిండిపోయాయి, కానీ చూపు పక్కకు పోలేదు.

"వాపసు తీసుకోను సారూ. అండ్ల రాసింది అబద్ధం కాదు."

వరండాలో జనం వస్తున్నారు, పోతున్నారు. సుజన కాగితాన్ని మళ్ళీ పైకెత్తింది. చదవాలా వద్దా అని నీలమ్మ వైపు చూసింది. నీలమ్మ గోడను ఆనుకొని ఉంది. 

"సదువు," అంది. "అవునో కాదో, ఏదైనా ఇనాలనే గదా ఇంత దూరమొచ్చింది. మొత్తం సదువు."

సుజన చదివింది. "...ఆ బస్సు రోడ్డు మీదికి రాకూడదు. ఎందుకంటే దాని యజమాని బసవయ్య చనిపోవడానికి మూడు రోజుల ముందు, ఆ బస్సు గురించి నాతో ఒక విషయం ఒప్పుకున్నాడు. భార్యకు ఎన్నడూ చెప్పవద్దని నాచేత ఒట్టు వేయించుకున్నాడు. ఆ విషయమేమనగా..."

మొదటి పేజీ అక్కడికి అయిపోయింది. సుజన రెండో పేజీ తిప్పింది. అందులో ఏముందో వచ్చే వారం విందాం.